మెట్ల కింది గది మీద రిట్టు

హైకోర్టు ఎదురుగా లాయర్ల బిల్డింగు ఒకటుంది. నాలుగంతస్తులు, నలభై గదులు, గదికో బోర్డు, బోర్డుకో లాయరు. ఆ బిల్డింగులో మెట్ల కింద, తల వంచితే గానీ లోపలికి వెళ్ళలేని గదిలో ముప్ఫై ఒక్క ఏళ్ళు టైపు కొట్టిన మనిషిని అందరూ రిట్టమ్మ అనేవాళ్ళు. అసలు పేరు పెట్టి పిలిస్తే ఆవిడ వెంటనే పలికేది కాదు, ఎవరినో పిలుస్తున్నారనుకునేది.

రిట్టంటే తెలియని అదృష్టవంతులకు ఒక్క ముక్క చెప్పాలి. సర్కారో, సర్కారు ఆఫీసో అన్యాయం చేస్తే, కింది కోర్టులన్నీ దాటుకుని తిన్నగా హైకోర్టు తలుపు తట్టే కాగితం అది. పింఛను ఆపేసిన గుమాస్తా, లైసెన్సు ఊడగొట్టించుకున్న ఆటో డ్రైవరు, ఫలితాలు దాచిపెట్టారని ఏడ్చే పరీక్ష విద్యార్థి, అందరి రిట్లూ ఆ మెట్ల కిందే తయారయ్యేవి. లాయరు చిత్తుకాగితం మీద నాలుగు గీతలు గీసి పంపితే చాలు, మిగతాదంతా ఆవిడ వేళ్ళే చూసుకునేవి. పిటిషన్ చివర కోర్టును వేడుకునే భాగాన్ని ప్రార్థన అంటారు. అక్కడికి వచ్చేసరికి రిట్టమ్మ చెప్పులు విడిచి పక్కన పెట్టి మరీ కొట్టేది. లాయర్లు నవ్వేవాళ్ళు. ఎదురుగా స్టూలు మీద కూర్చున్న మనిషికి మాత్రం అది చూస్తే ప్రాణం లేచి వచ్చేది.

"ఏమీ భయం లేదు. వెళ్ళేది పెద్ద కోర్టుకి. అక్కడ తప్పు జరగదు" అని చెప్పి పంపేది వాళ్ళని.

ఆ ధీమా ఎక్కడి నుంచి వచ్చిందో చెబితే నవ్వొస్తుంది. రిట్టమ్మ తన జన్మలో ఒక్క తీర్పు కూడా టైపు చేయలేదు. అవి కోర్టు లోపల, కోర్టు మనుషులే కొట్టుకుంటారు. గెలిచినవాళ్ళు మిఠాయి పొట్లం పట్టుకుని మెట్ల కిందికి వచ్చి దండం పెట్టేవాళ్ళు. ఓడినవాళ్ళు మళ్ళీ ఆ బిల్డింగు ఛాయలకే వచ్చేవాళ్ళు కాదు. అంచేత ముప్ఫై ఒక్క ఏళ్ళలో ఆవిడకు తెలిసిన రిట్లన్నీ గెలిచిన రిట్లే.

అలాంటి రిట్టమ్మ గదికి ఒక గురువారం మధ్యాహ్నం తాళం పడింది.

కంప్యూటర్లు వచ్చిన కొత్త అది. పై అంతస్తుల లాయర్లు ఒక్కొక్కరే తెర ముందు కూర్చోవడం నేర్చుకుంటున్నారు. ఆ బిల్డింగు, లాయర్లందరూ కలిసి పెట్టుకున్న సొసైటీది. దాని సెక్రటరీ గారికి మెట్ల కింద జిరాక్సు మిషనూ కంప్యూటరూ పెట్టించాలని మనసైంది. రిట్టమ్మతో రాసుకున్న ఒప్పందం ఇంకా రెండేళ్ళుంది. ఖాళీ చేయించాలంటే మూడు నెలల ముందు కాగితం ఇవ్వాలని అందులో ఉంది. ఉంటే ఏం? ఆవిడ ఎవరిదో ప్రమాణపత్రం మీద సంతకం చేయించడానికి రోడ్డు దాటి కోర్టు ఆవరణలోకి వెళ్ళి గంటలో తిరిగొచ్చేసరికి, తన తాళం లేదు, పిడికిలంత కొత్త తాళం వేలాడుతోంది.

"ఇదేమిటండీ?" అని పైకి పరుగెత్తింది.

సెక్రటరీ గారు తలెత్తలేదు. "మూడు నెలల కిందటే ఖాళీ చేస్తానన్నారు కదమ్మా మీరు. ఖాళీ గదికి తాళం వేసుకున్నాం. అంతే."

"నేనెప్పుడన్నానండీ ఆ మాట?"

"అన్నారు. నాకు గుర్తుంది" అని ఆయన పక్క ఫైలు తెరుచుకున్నారు.

పట్టపగలు కళ్ళలో కారం కొట్టడమంటే ఇదే. రిట్టమ్మ ఆ మెట్ల మీదే కాసేపు కూలబడింది. యాభై ఎనిమిదేళ్ళ మనిషి. భర్త పోయి పదకొండేళ్ళు. ఆ గది ఉంది కాబట్టే జనం వెతుక్కుంటూ వస్తున్నారు. గది పోతే ఈ వయసులో ఆవిడను టైపు పనికి పిలిచేవాళ్ళెవరూ లేరు. ఆ సంగతి ఆవిడకూ తెలుసు, సెక్రటరీ గారికీ తెలుసు.

ఇంట్లో ఆవిడతో ఉండేది ఒక్క ఆడపడుచు. పోస్టాఫీసులో ఉత్తరాలు విడదీసే ఉద్యోగం. పెళ్ళి చేసుకోలేదు, ఎందుకని అడిగితే అన్నయ్య సంసారం చూశాక ఆ ముచ్చట తీరిపోయిందనేది. వదిన చెప్పిందంతా విని, చెయ్యి కడుక్కోకుండానే నోరు తెరిచింది.

"పోలీసులకి చెప్పు వదినా."

"పోలీసులెందుకే? రిట్టేస్తాను."

"నీ గదికా?"

"నా గదికే. ఊరందరికీ కొట్టిపెట్టాను. నాకు నేను కొట్టుకోలేనా?"

కొట్టుకోవడానికి మిషన్ కావాలి. అది తాళం లోపల ఉంది. అందుకని రెండో అంతస్తులో గొడుగు లాయరు దగ్గరకు వెళ్ళింది. వానైనా ఎండైనా, ఆఖరికి గదిలో ఫ్యాను కింద కూర్చున్నా చేతికి అందేచోట గొడుగు పెట్టుకునే ముసలాయన. రిట్టమ్మకు టైపు కొట్టడానికి మొదటి కాగితం ఇచ్చింది ఆయనే. పాత టైపు మిషన్ బల్ల కింద నుంచి ఆయనే లాగి ఇచ్చారు గానీ, ఇస్తూ ఒక మాటన్నారు.

"ఇది రిట్టుకు నిలవదమ్మా. గోటితో పోయేదానికి గొడ్డలెందుకు? చిన్న కోర్టులో దావా వెయ్యి."

రిట్టమ్మకు ఎక్కడ లేని కోపం వచ్చింది. ఈయనా సొసైటీ సభ్యుడే కదా! ఏ ఎండకా గొడుగు పట్టే మనిషని ఊరికే అన్నారా? పైకి మాత్రం "మిషన్ పని కాగానే తెచ్చిస్తానండి" అని చెప్పి చంకన పెట్టుకుని వచ్చేసింది.

ఆదివారం పొద్దున్నే భోజనాల బల్ల ఖాళీ చేసి కూర్చుంది. సొసైటీ సర్కారు దగ్గర రిజిస్టరైంది, అంచేత సర్కారులాంటిదే, అంచేత తాళం తీయమని హైకోర్టు ఆజ్ఞాపించాలి. ఇదీ వరస. అంచులు సమానంగా, పేరాలకు నంబర్లు, జతపరిచిన కాగితాలకు ఒకటి రెండు మూడు. ప్రార్థన దగ్గర అలవాటుగా చెప్పుల కోసం కాళ్ళు వెతికితే, ఇంట్లో కదా, ఒట్టి కాళ్ళే తగిలాయి. ఆడపడుచు అది చూసి నవ్వు ఆపుకోలేక వంటింట్లోకి పారిపోయింది.

కేసు మూడు వారాలకు పిలుపుకొచ్చింది. సొసైటీ తరఫున ముగ్గురు నల్లకోట్లు, ఇటు రిట్టమ్మ ఒక్కతే. ముప్ఫై ఒక్క ఏళ్ళు ఎదురుగా కూర్చుని ఆ హాల్లోకి అడుగు పెట్టడం అదే మొదలు. జడ్జిగారు కాగితాలు తిప్పి, కళ్ళద్దాలు పైకి జరిపారు.

"ఇది ఎవరు టైపు చేశారమ్మా?"

"నేనేనండి."

"ఒక్క తప్పు లేని పిటిషన్ చదివి చాలా ఏళ్ళయింది."

రిట్టమ్మ మొహం మతాబులా వెలిగింది. గెలిచేశాననుకుంది పిచ్చితల్లి.

"కానీ ఇందులో సర్కారు ఎక్కడుందమ్మా?"

"సొసైటీ సర్కారు దగ్గర రిజిస్టరైందండి."

"నా కారూ సర్కారు దగ్గరే రిజిస్టరైంది. అంతమాత్రాన అది సర్కారు బండి అయిపోయిందా?"

హాలంతా నవ్వింది. జడ్జిగారు నవ్వలేదు, చెయ్యెత్తి నవ్వు ఆపించారు. తర్వాత చెప్పినదంతా మెల్లగా, ఆవిడకు అర్థమయ్యేలా చెప్పారు.

"ఇది మీకూ సొసైటీకీ మధ్య రాసుకున్న ఒప్పందం. సర్కారు అధికారం చూపించి మీ గది లాక్కుంటే నేను అడుగుతాను. వాళ్ళు జనానికి చేయాల్సిన పనేదైనా ఉండి, అది చేయకపోయినా ఆలోచిస్తాను. ఇక్కడ రెండూ లేవు. పైగా మీరు గది వదిలేశారని వాళ్ళంటున్నారు, లేదని మీరంటున్నారు. ఎవరిది నిజమో తేలాలంటే సాక్షుల్ని పిలవాలి, ప్రశ్నలు వేయాలి, అవసరమైతే ఆ గది తెరిచి చూడాలి. రిట్టులో మేం ఆ పని పెట్టుకోం. మీకు అన్యాయం జరగలేదని నేను అనడం లేదమ్మా. అడగాల్సిన చోటు వేరంటున్నాను."

మొత్తం నాలుగు నిమిషాలు పట్టింది. రిట్టు కొట్టేశారు.

ఇంటికి వెళ్ళి మంచమెక్కింది. గది గురించి ఏడిస్తే ఆడపడుచు ఓదార్చేదే. కానీ రిట్టమ్మ ఏడ్చింది గది గురించి కాదు.

"ఎంతమందికి చెప్పానే, భయం లేదు, తప్పు జరగదు అని! స్కూలు వాళ్ళు తీసేసిన ఆయా వచ్చింది. ఫ్యాక్టరీ క్యాంటీన్ నడుపుకునే ఆయన వచ్చాడు. కుట్టుపని ఒప్పుకుని మోసపోయిన దర్జీ వచ్చింది. అన్నీ ప్రైవేటు గొడవలే. లాయరు కూడా లేకుండా నన్ను నమ్ముకుని వచ్చారు. అన్నిటికీ రిట్లే కొట్టాను. మళ్ళీ ఒక్కళ్ళూ రాలేదు. గెలిచి మర్చిపోయారనుకున్నానే నేను!"

ఆడపడుచు కోర్టు ఇచ్చిన ఆర్డరు కాగితం తీసుకుని కిటికీ దగ్గర నిలబడి చదివింది. ఉత్తరాల మనిషి కదా, చివరి అక్షరం దాకా చదువుతుంది.

"ఉత్తరం బాగానే ఉంది వదినా, అడ్రసు తప్పింది, అంతే. ఇదిగో, అడ్రసు కూడా వీళ్ళే రాసిచ్చారు. సివిల్ కోర్టుకు వెళ్ళే స్వేచ్ఛ ఇస్తున్నామట. చూడలేదా నువ్వు?"

చూడలేదు. కొట్టేశామన్న ముక్క తర్వాత రిట్టమ్మకు అక్షరాలు కనబడలేదు. అలాంటి వాక్యం ఒకటి ఉంటుందని కూడా తెలియదు, ఎప్పుడైనా టైపు చేస్తే కదా.

మర్నాడు గొడుగు లాయరుకు మిషన్ తిరిగి ఇవ్వడానికి వెళ్ళింది. తల ఎత్తలేదు. ఆయన దెప్పలేదు. అంత మంచితనం ఆవిడకు ఇంకా కష్టమనిపించింది.

"నేను సొసైటీ సభ్యుణ్ణమ్మా, నీ తరఫున నిలబడకూడదు. చిన్న కోర్టులో ఒక లాయరమ్మ ఉంది, చీటీ రాసిస్తాను. ఒక్కటి గుర్తు పెట్టుకో. గది తెరిపించి చూసే మనిషిని పంపమని అడుగు. కమిషనరంటారు. ముందు అది అడుగు."

చిన్న కోర్టు పక్క వీధిలోనే ఉంది. ముప్ఫై ఒక్క ఏళ్ళుగా ఆ వీధిలో కూరలు కొనుక్కుంది గానీ ఆ గేటు లోపలికి తొంగి చూడలేదు రిట్టమ్మ. పెద్ద కోర్టు మనిషినని చిన్న టెక్కు ఉండేది మరి. లోపల పాలరాయి లేదు, ఎత్తైన తలుపులు లేవు. వరండా నిండా బెంచీలు, బెంచీల నిండా జనం, గుడ్డసంచుల్లో దస్తావేజులు. పంపు దగ్గర ఇద్దరు వాదీ ప్రతివాదులు ఒకే గ్లాసుతో నీళ్ళు తాగుతున్నారు.

"టైపమ్మగారూ!" అని ఎవరో పిలిచారు.

చూస్తే దర్జీ. ఎనిమిదేళ్ళ కిందట యూనిఫారాల ఒప్పందం మధ్యలో తెగ్గొట్టి, ఈమె కుట్టుమిషన్లు గోడౌన్‌లో పెట్టుకుని ఇవ్వలేదు ఒక కంపెనీ. ఆ రిట్టు రిట్టమ్మే కొట్టింది. ఇప్పుడు మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు ఆవిడకు.

"మీ రిట్టు కొట్టేశారు కదమ్మా" అంది నేల చూస్తూ.

"అవును కొట్టేశారు! నెల రోజులు మిమ్మల్ని తిట్టని తిట్టు తిట్టలేదు" అని దర్జీ హాయిగా నవ్వింది. "ఆ తర్వాత ఇక్కడికి వచ్చాను. రెండేళ్ళు తిరిగాను. చెప్పులరిగాయి గానీ మిషన్లు పదీ వచ్చాయి. ఇవాళ వేరే పని మీద వచ్చాలెండి, మా చెల్లెలి ఇంటి గోడ గొడవ. మీరేంటి ఇక్కడ?"

రిట్టమ్మ చెప్పింది. దర్జీ నోరెళ్ళబెట్టి, ఆవిడ చెయ్యి పట్టుకుని లాయరమ్మ గది దాకా తీసుకెళ్ళి కూర్చోబెట్టింది. రిట్టమ్మ కాగితం ఓడినా ఆ మనిషి ఓడిపోలేదు. ఆ ఒక్క సంగతికి ఆవిడ వారం నుంచి మొదటిసారి గట్టిగా ఊపిరి పీల్చుకుంది.

లాయరమ్మ ప్రార్థన ఊసే ఎత్తలేదు. అన్నీ ప్రశ్నలే. ఏ తేదీ? ఎన్ని గంటలకు వెళ్ళారు? ఎవరు చూశారు? గదిలో ఏమేం ఉన్నాయి? రిట్టమ్మకు మొదట చిరాకేసింది, తర్వాత ఒక్కొక్కటీ గుర్తొచ్చాయి. ముప్ఫై ఒక్క ఏళ్ళు ఇతరుల కథలు కొట్టిన మనిషి తన కథ మొదటిసారి వరసగా చెప్పుకుంది. దావా తయారైంది. గది తెరిచి చూడమన్న అర్జీ దానితో పాటే వెళ్ళింది.

సొసైటీ జవాబు పాత పాటే. ఆవిడ మూడు నెలల ముందే ఖాళీ చేసింది, పనికిరాని చెత్త ఏదో వదిలేసి పోయింది, అని. చిన్న జడ్జిగారు ఇద్దరి మొహాలూ చూశారు.

"మీరు ఖాళీ అంటున్నారు. ఆవిడ కాదంటున్నారు. తెరిచి చూస్తే పోయేదేముంది?" అని కమిషనర్‌గా ఒక లాయరును పంపించారు.

ఆ కమిషనర్ మహా చాదస్తుడు. తల తలుపుకు తగిలించుకుని మరీ లోపలికి వెళ్ళాడు. తాళం తీసింది సెక్రటరీ గారే, తాళంచెవి తన జేబులోంచే తీసి. ఆ సంగతి కూడా కమిషనర్ రాసుకున్నాడు. బయట మెట్ల నిండా లాయర్లు. లోపల నుంచి ఒక్కొక్కటే చదువుతూ రాస్తున్నాడు.

"స్టూళ్ళు రెండు. రిబ్బన్లు ఆరు, అందులో కొత్తవి నాలుగు. కార్బన్ కాగితాల పెట్టె ఒకటి. చీర పిన్ను ఒకటి. భోజనం డబ్బా ఒకటి." కాస్త ఆగాడు. మూత తీసిన చప్పుడైంది. "లోపలి పదార్థం గుర్తు పట్టడానికి వీలు లేకుండా ఉంది."

మెట్ల మీద నవ్వులు. రిట్టమ్మ సిగ్గుతో చచ్చిపోయింది.

"టైపు మిషన్ ఒకటి. అందులో సగం కొట్టిన కాగితం ఒకటి." ఈసారి ఇంకా ఎక్కువసేపు ఆగాడు. "కాగితం పై మూలన తేదీ ఉంది."

ప్రతి పేజీకీ పై మూలన ఆనాటి తేదీ కొట్టడం రిట్టమ్మ అలవాటు. లాయర్లు వద్దన్నా మానేది కాదు, ఏ పేజీ ఏ రోజుదో తెలియాలి కదా అనేది. కమిషనర్ ఆ తేదీ పైకి చదివాడు. తాళం పడిన గురువారం తేదీ అది. ఆ రోజు నుంచి తాళంచెవి ఎవరి జేబులో ఉందో అందరూ ఇందాకే చూశారు. సెక్రటరీ గారు చేతి రుమాలు తీసి మెడ తుడుచుకున్నారు. రెండో అంతస్తు మెట్టు మీద గొడుగు ఒకటి నేల మీద టకటక రెండుసార్లు తట్టిన శబ్దం వినిపించింది.

పది రోజులకు ఆర్డరు వచ్చింది. దావా తేలేదాకా గది ఆవిడకే ఇవ్వాలి, ఎవరూ అడ్డు పెట్టకూడదు. దావా ఇంకా నడుస్తుంది, మనకెందుకు అబద్ధం, ఏళ్ళు కూడా పట్టొచ్చు. కానీ సోమవారం పొద్దున రిట్టమ్మ తన తాళంచెవితో తన తాళం తీసింది. డబ్బా మాత్రం బయట పారేసింది, కడగడానికి మనసొప్పలేదు.

కూర్చుని పావుగంట కాలేదు, పొయ్యిల మేస్త్రీ వచ్చాడు. బేకరీలకూ హోటళ్ళకూ పెద్ద పొయ్యిలు కట్టే మనిషి. హోటలాయన ఒకడు రాతకోతలన్నీ అయ్యాక పొయ్యి సగంలో ఆపించి, పని ఇంకొకరికి అప్పగించాడు. సగం పొయ్యి అలా వదిలేస్తే ఊళ్ళో తన పేరు పోతుందని అతని బాధ. ఆ గురువారం మిషన్లో ఉన్న కాగితం అతనిదే.

"నాలుగుసార్లు వచ్చి తాళం చూసి పోయానమ్మా. మన రిట్టు ఎంతవరకొచ్చింది?"

"మీ కాగితం కోర్టుకు వెళ్ళింది బాబూ."

మేస్త్రీ మొహం విప్పారింది. "గెలిచిందా?"

"నాకు గెలిచింది" అంది రిట్టమ్మ. "మీకైతే ఓడిపోయేది. ఆ రోజు భయం లేదని చెప్పానే, తెలియక చెప్పాను. నన్ను క్షమించండి."

అతనికి ముక్క అర్థం కాలేదు. ఆవిడ స్టూలు చూపించి కూర్చోమంది. సర్కారుతో గొడవకూ, మనిషికీ మనిషికీ మధ్య రాసుకున్న మాటకూ తేడా ఏమిటో అరటిపండు ఒలిచినట్టు చెప్పింది. పక్క వీధిలో గేటు ఎటుందో, పంపు ఎటుందో, లాయరమ్మ గది ఎటుందో కూడా చెప్పింది.

"ఐతే ఇక్కడ మీకేం పని లేదా అమ్మా?" అన్నాడు మేస్త్రీ, నిరాశగా.

"ఎందుకు లేదు? ఆవిడ అన్నీ తేదీలే అడుగుతుంది. రాసుకుని వెళ్ళకపోతే మీకు ఒక్కటీ గుర్తు రాదు, నాకు తెలుసు."

రిట్టమ్మ తెల్ల కాగితం మిషన్లోకి ఎక్కించింది. మూలన ఆనాటి తేదీ కొట్టింది. తర్వాత వేళ్ళు ఆపి, ముప్ఫై ఒక్క ఏళ్ళలో ఆ స్టూలు మీద కూర్చున్న ఎవరినీ అడగని మాట అడిగింది.

"మొదటి నుంచి చెప్పండి. ఆ హోటలాయన మిమ్మల్ని ఏ రోజు పిలిచాడు?"